అరవకుండా చెప్పమన్న టీచరుగారు

టీచరుగారు పోయారని నాకు తెలిసింది ఆఫీసు మీటింగ్‌లో. శాంటా క్లారాలో, కిటికీలు లేని గదిలో, ఎవరో స్క్రీన్ మీద ఏదో చూపిస్తుంటే బల్ల మీద నా ఫోను కదిలింది. "అమ్మ పోయింది అక్కా. తెల్లవారుజామున. నేను బాతెల్ వెళ్తున్నా. మా ఇంటి తాళం నీ దగ్గరుందిగా." పంపింది టీచరుగారి అమ్మాయి. ఫ్రీమాంట్‌లో మా ఇంటికీ వాళ్ళ ఇంటికీ మధ్య ఒకటే గోడ. టీచరుగారు అప్పుడు కొడుకు దగ్గర, వేరే రాష్ట్రంలో ఉన్న బాతెల్‌లో ఉన్నారు.

నాకు వెంటనే ఏడుపు రాలేదు. మనిషి అలిసిపోయి ఉన్నప్పుడు దుఃఖం కూడా తీరిగ్గానే వస్తుంది. ముందు నా బుర్రలోకి వచ్చింది ఒక్కటే: పన్నెండు రోజులు. పన్నెండు రోజుల కిందట టీచరుగారు నాకు ఫోన్ చేసి తన ఒంట్లో ఏం తేడాగా ఉందో చెప్పారు. నాకొక్కదానికే చెప్పారు. నేను నమ్మలేదు. ఎవరికీ చెప్పలేదు. ఆ సంగతి ఆవిడ కూతురికి తెలియదు. తెలియజెప్పాల్సింది నేనే.

ఆ మాట ఎలా చెప్పాలా అని ఆమె బాతెల్ నుంచి తిరిగి వచ్చేదాకా ఆలోచిస్తూనే ఉన్నాను. అలా ఆలోచించినప్పుడల్లా టీచరుగారే గుర్తొచ్చారు. ఎందుకంటే చేదు మాట ఎలా చెప్పాలో నాకు నేర్పింది ఆవిడే.

టీచరుగారిది తెనాలి. ఆడపిల్లల హైస్కూల్లో ముప్పై ఏళ్ళు తెలుగు చెప్పి రిటైరయ్యారు. ఏటా స్కూలు వార్షికోత్సవానికి నాటకం వేయించేవారు. రాజులు, మంత్రులు, భటులు అందరూ పదో తరగతి ఆడపిల్లలే. మీసాలు ఆవిడే కాటుకతో దిద్దేవారు. భర్త పోయాక కొన్నాళ్ళు కూతురి దగ్గర, కొన్నాళ్ళు తెనాలిలో, కొన్నాళ్ళు కొడుకు దగ్గర ఉండేవారు. ఎక్కడున్నా ఆవిడ సూట్‌కేస్‌లో చీరల కింద ఒక నాటకం రాతప్రతి ఉండేది.

నేను ఆవిడని మొదట చూసింది మాంద్యం వచ్చిన ఆ చలికాలంలో. ఏ ఇంట్లో విన్నా లేఆఫ్ మాటే. గంటంపావు డ్రైవ్ చేసి ఇంటికొచ్చి, గుమ్మం ముందు వంగి బూట్లు విప్పుకుంటున్నాను. పక్క గుమ్మంలో ఒక పెద్దావిడ నిలబడి ఉన్నారు. చీర మీద అల్లుడి స్వెట్టరు, సాక్సుల మీద హవాయి చెప్పులు. తర్వాత నేనెప్పుడో ఆ వేషం మీద వేళాకోళం చేస్తే, "ఈ దేశంలో నన్నెవరు చూస్తారమ్మా, చూసినా ఎవరితో చెబుతారు" అన్నారు. ఆరోజు మాత్రం నన్ను ఎగాదిగా చూసి, పరిచయాలేమీ లేకుండా నేరుగా అడిగారు.

"ఏం ఉద్యోగం చేస్తావమ్మా నువ్వు?"

"టెస్టింగండీ."

"అంటే?"

"ఆసుపత్రిలో మంచం పక్కన పంపులుంటాయి చూడండి, నరంలోకి మందు ఎక్కించేవి. వాటికి మావాళ్ళు ప్రోగ్రాం రాస్తారు. అదెక్కడ చెడిపోతుందో ముందే కనిపెట్టి చెప్పడం నా పని."

"చెబితే వింటారా?"

అబద్ధమాడే ఓపిక కూడా లేదు. "వినరండీ," అన్నాను.

ఆవిడ మొహం ఒక్కసారి విప్పారింది. నా ఉద్యోగం గురించి విని అంత సంతోషించిన మనిషిని నేను అంతకుముందు చూడలేదు. "అయితే నీతో నాకు పనుంది. రా, కాఫీ ఇస్తాను," అన్నారు.

ఆ పనేమిటో కాఫీ తాగుతుంటే తెలిసింది. ఆవిడ వేయించాలనుకుని వేయించలేకపోయిన నాటకం ఒకటుంది. గ్రీకుల పాతకథ. కాలేజీ రోజుల్లో ఇంగ్లీషు లెక్చరరు క్లాసులో చెబితే విని, తనకు గుర్తున్నంత మేరకు తెలుగులో రాసుకున్నారు. స్కూల్లో వేయిద్దామంటే, వార్షికోత్సవం పూట చావేమిటని హెడ్మిస్ట్రెస్ ప్రతి ఏడూ కొట్టేశారట. సూట్‌కేస్‌లో ఉన్నది ఆ నాటకమే.

"ఒక రాజుగారి కూతురు," అని మొదలుపెట్టారు టీచరుగారు. "ఆ పిల్ల మీద మనసుపడి దేవుడొకడు వరమిచ్చాడు, జరగబోయేది ముందే కనిపించేట్టు. తీరా ఇచ్చాక ఆ పిల్ల నువ్వు నాకొద్దు పొమ్మంది. ఇచ్చిన వరం వెనక్కి తీసుకోకూడదుగా. అందుకని ఇంకోటి తగిలించాడు, నువ్వు చెప్పేది ఎవ్వరూ నమ్మరు పొమ్మని. ఊరు తగలబడుతుందని చెప్పింది. నమ్మలేదు. తగలబడింది. గెలిచిన రాజు ఈ పిల్లని బందీగా తన ఇంటికి తెచ్చుకున్నాడు. అక్కడ ఆ రాజుని చంపాలని పెళ్ళాం కాచుకుని కూర్చుంది. పిల్లకి తెలుసు. తననీ వదలదని తెలుసు. గుమ్మం ముందు నిలబడి ఊరి పెద్దలకి అంతా చెప్పింది. వాళ్ళు పాపం అన్నారు."

"తర్వాత?"

"లోపలికి నడిచి వెళ్ళిపోయింది."

నాకు నటన రాదని, స్కూల్లో చెట్టు వేషం కూడా వేయలేదని మొత్తుకున్నాను. "నటన వచ్చినవాళ్ళని బోలెడంతమందిని చూశాను. నాకు నువ్వు కావాలి," అన్నారు. ఇక నేను కాదనలేదు. కాదనడానికీ ఓపిక ఉండాలి.

రిహార్సల్స్ వాళ్ళ గరాజ్‌లో జరిగేవి. రాణి వేషం టీచరుగారి అమ్మాయిది. రాజు వేషం అల్లుడిది. రెండు మాటలు చెప్పి లోపలికి పోవాలి, అంతకు మించి ఆయన ఒప్పుకోలేదు. ఊరి పెద్దలుగా, పిల్లల దగ్గరికి వచ్చి ఉన్న ముగ్గురు రిటైర్డ్ తండ్రులు దొరికారు. ఆ ముగ్గురికీ నటించే అవసరం రాలేదు. రోజూ పార్కులో తిరుగుతూ, ఎవరి పిల్లలకి ఉద్యోగం ఊడిందో చెప్పుకుని పాపం అనుకుని ఇంటికి పోయేవాళ్ళే. టీచరుగారు బియ్యం బస్తా మీద కూర్చుని, స్టీలు గ్లాసు మీద వేలి ఉంగరంతో కొడుతూ మాటల నడక చెప్పేవారు. ఎవరినీ బాగా చేశావని అనేవారు కాదు. మహా అయితే "సరే, రేపు చూద్దాం" అనేవారు. అది దొరికిన రోజు మేము పండగ చేసుకునేవాళ్ళం.

మొదటివారం నేను జుట్టు విరబోసుకుని అరిచాను. జోస్యం చెప్పే మనిషి అంటే పూనకం వచ్చినట్టు ఊగాలనుకున్నాను. గుండెలు బాదుకున్నాను. నాకే నచ్చేసింది. టీచరుగారు గ్లాసు పక్కన పెట్టారు.

"ఎందుకమ్మా ఆ అరుపులు?"

"ఎవరూ నమ్మట్లేదు కదండీ."

"అరిచేది ఎవరు? అరిస్తే నమ్ముతారేమోనని ఇంకా ఆశ ఉన్నవాళ్ళు. ఈ పిల్లకి ఆ ఆశ ఎప్పుడో పోయింది. చిన్నప్పట్నించీ చెబుతూనే ఉంది. పిచ్చిది కాదే అది, అలిసిపోయింది. నువ్వు సాయంత్రం గుమ్మంలో బూట్లు విప్పుకుంటూ మీ ఆయనతో మాట్లాడతావే, ఆ గొంతుతో చెప్పు."

నేను చెప్పాను. రాజు చస్తాడు, నేనూ చస్తాను, మీరు చూస్తూ ఉంటారు అనే మాటల్ని, పాలు అయిపోయాయి, రేపు తేవాలి అన్నంత మామూలుగా చెప్పాను. ఊరి పెద్దల్లో ఒకాయన, బ్యాంకు మేనేజరుగా చేసి రిటైరైన మనిషి, కళ్ళజోడు తీసి తుడుచుకున్నారు. టీచరుగారు మాత్రం "సరే, రేపు చూద్దాం" అన్నారు.

ఒకరోజు విరామంలో, ఆఫీసులో తప్పు దొరికితే ఎలా చెబుతావని అడిగారు. దానికో పద్ధతుందని వివరించాను. ఏం చేశాను, ఏం జరిగింది, ఏం జరక్కూడదు, ఇది ఎన్నోసారి. అంతే రాయాలి. కోపం, ఏడుపు, ఊహలు రాయకూడదు. ఆవిడకి అది ఎంత నచ్చిందో చెప్పలేను. "ముప్పై ఏళ్ళు వ్యాసాలు రాయించాను, ఇంత శుభ్రమైన పద్ధతి నాకు తట్టలేదు," అన్నారు. ఆరోజు నుంచి ఇంట్లో ఏది జరిగినా గోడకవతల నుంచి నాకు రిపోర్టు. "పాలు పొయ్యి మీద పెట్టాను. ఫోను మోగింది. పొంగాయి. పొంగకూడదు. రెండోసారి." అల్లుడి గురించి, "గిన్నెలు కడుగుతానన్నాడు. సోఫాలో కూర్చున్నాడు. కూర్చోకూడదు. లెక్కలేనన్నోసారి." మేమిద్దరం పొట్ట పట్టుకుని నవ్వుకునేవాళ్ళం. వాళ్ళమ్మాయి మాత్రం, "మీ ఇద్దరి కోడ్ లాంగ్వేజ్ నాకొద్దు బాబోయ్" అని చెవులు మూసుకునేది.

"ఇప్పుడు నువ్వు చెబితే విననిదేముంది?" అని మరోరోజు అడిగారు. ఉన్నది చెప్పాను. పంపు ప్లగ్ పీకి బ్యాటరీ మీదికి మారేటప్పుడు, మందు అయిపోతే మోగాల్సిన అలారం ఒక్కోసారి మోగట్లేదు. నాకు మూడుసార్లు వచ్చింది. మా మేనేజరు గుంటూరాయన, మంచివాడే. "నా ముందు రాలేదు కదండీ. మళ్ళీ వస్తే చూద్దాం," అన్నాడు. మళ్ళీ చెబితే మళ్ళీ అదే అన్నాడు. ఇంట్లో అందరి వీసాలూ నా ఉద్యోగం మీదే ఉన్నాయి. లేఆఫ్ లిస్టులో ఎవరి పేరుందో తెలియని రోజులు. అందుకని నేను చెప్పడం మానేశాను. ఉగాది అయ్యాక ఆ పంపు మార్కెట్లోకి రిలీజు. దాని మీద సంతకం పెట్టేవాళ్ళలో నేనూ ఉన్నాను.

టీచరుగారు చెప్పమనీ అనలేదు, ఊరుకోమనీ అనలేదు. "చెప్పేవాడికి వినేవాడు లోకువంటారు. నీ ఆఫీసులో తిరగబడిందమ్మా, వినేవాడికి చెప్పేవాళ్ళు లోకువ," అని, గ్లాసు తీసుకుని రిహార్సల్ మొదలుపెట్టారు.

ఉగాదికి పదిరోజుల ముందు తెలుగు సంఘం సెక్రటరీగారు గరాజ్‌కి వచ్చారు. నాటకం మొత్తం చూసి, నెత్తి గోక్కున్నారు. "బాగానే ఉంది గానీ టీచరుగారూ, ఉగాది పూట శవాలేంటండీ? ఫ్యామిలీస్ వస్తారు, పిల్లలుంటారు. చివర్లో ఆ అమ్మాయి బతికినట్టు పెట్టి మంగళం పాడిద్దాం," అన్నారు. హెడ్మిస్ట్రెస్ తెనాలి నుంచి విమానమెక్కి వచ్చినట్టు అనిపించింది నాకు. గొడవ జరుగుతుందనే అనుకున్నాం మేమంతా.

"శవాలుండవు నాయనా. తలుపుంటుంది, అంతే," అన్నారు టీచరుగారు నెమ్మదిగా. ఆయన తేలిగ్గా ఊపిరి పీల్చుకుని వెళ్ళిపోయారు.

మర్నాడు గరాజ్‌లో మూలపడి ఉన్న పాత బీరువా తలుపు తీయించి నిలబెట్టారు. కింద గడప చేసి పసుపు రాసి బొట్లు పెట్టారు. పైన మామిడాకుల తోరణం, అది ప్లాస్టిక్‌దే. రాణి బయటికి వచ్చి బందీ పిల్లకి ఎర్రనీళ్ళు దిష్టి తీసి, హారతిచ్చి, లోపలికి రమ్మని పిలవాలి. నాకు ఎర్రంచు తెల్లచీర. కుడికాలు ముందు పెట్టి లోపలికి వెళ్ళాలి. ఆ తర్వాత తలుపు మూసుకుంటుంది. నాటకం అయిపోతుంది. "ఇది కొత్తకోడల్ని తీసుకెళ్ళినట్టుంది అమ్మా," అంది వాళ్ళమ్మాయి. "ఊఁ," అన్నారు టీచరుగారు.

ఉగాది రోజు ఒక స్కూలు హాల్లో మూడువందల మంది. పేపరు కప్పుల్లో పచ్చడి, ఆ తర్వాత పంచాంగ శ్రవణం. పట్టుపంచె కట్టుకున్న ఒకాయన, వారమంతా సాఫ్ట్‌వేరు రాసే మనిషే, ఏ రాశికి రాజపూజ్యం ఎంతో, అవమానం ఎంతో చదివారు. హాలు హాలంతా చెవులు రిక్కించి వింది. టీచరుగారు తెర పక్కనుంచి తొంగిచూసి నా చెవిలో అన్నారు. "చూశావా, అందరూ ఎలా నమ్ముతున్నారో. మన పిల్లకి ఒక పట్టుపంచె ఉంటే సరిపోయేది."

పంచాంగం అయ్యాక ఆశీర్వచనం ఉండాలి. అందరికీ అక్షింతలు పంచారు కూడా. ఈలోగా పిల్లల డాన్సులు ఆలస్యమైపోతున్నాయని ఆశీర్వచనం చివరికి నెట్టారు. డాన్సులయ్యాయి, మా నాటకం మొదలైంది. అప్పటికీ జనం చేతుల్లో, నాప్‌కిన్లలో, చీరకొంగుల్లో ఆ అక్షింతలు అలాగే ఉన్నాయి. ఆ సంగతి మాలో ఎవరికీ తట్టలేదు.

నా మాటలన్నీ బూట్లు విప్పుకునే గొంతుతోనే చెప్పాను. ఊరి పెద్దలు పాపం అన్నారు. రాణి వచ్చింది. ఎర్రనీళ్ళు తీసింది, హారతి చూపించింది. "రా తల్లీ, లోపలికి రా," అంది. నేను కుడికాలు ఎత్తాను. ముందు వరసలో ఎవరి తల్లో, ఒక పెద్దావిడ లేచి నిలబడి నా మీద అక్షింతలు చల్లింది. ఆవిడని చూసి పక్కావిడ, ఆ వెనక వరస, ఆపైన హాలంతా. దూరంగా ఉన్నవాళ్ళు నడిచి వచ్చి మరీ వేశారు. ఎవరో "దీర్ఘసుమంగళీభవ" అన్నారు కూడా. లోపలేముందో నేను అంతసేపూ చెబుతూనే ఉన్నాను. వాళ్ళు విన్నారు. అయినా గడప, హారతి, ఎర్రంచు చీర కనబడేసరికి చేతులు వాటంతటవే లేచాయి.

నా తల మీద, భుజాల మీద పసుపు బియ్యం రాలుతుంటే నాకు చివరి మాట గుర్తురాలేదు. వెనక్కి తిరిగి వాళ్ళ మొహాలు చూశాను. ఒక్కరిలో కూడా చెడ్డతనం లేదు. అందరూ ప్రేమగానే చూస్తున్నారు. అప్పుడు గుర్తొచ్చింది. "చెప్పాల్సింది చెప్పాను. ఇక నడవాల్సింది నేనే," అని లోపలికి వెళ్ళాను. తలుపు మూసుకుంది. చప్పట్లు వెంటనే రాలేదు. ముందు ఒక ఆడగొంతు, "అయ్యో, మనం అక్షింతలేశామే," అనడం తలుపు వెనక నాకు వినిపించింది.

ఇదంతా ముందే అనుకుని చేశారా అని ఆరోజు ఇంటికి వెళ్ళే దారిలో కార్లో అడిగాను. టీచరుగారు వెనకసీట్లో స్వెట్టరు కప్పుకుని కళ్ళు మూసుకుని ఉన్నారు. "నేను తలుపు పెట్టాను, హారతి పెట్టాను. అక్షింతలు వాళ్ళవేనమ్మా," అన్నారు. మళ్ళీ తనే, "నేను ప్రేక్షకుల్లో ఉంటే నేనూ వేసేదాన్నేమో," అన్నారు. నాటకం ఎలా చేశానో మాత్రం చెప్పలేదు.

రెండురోజుల తర్వాత రిలీజు మీటింగ్. నా వంతు వచ్చినప్పుడు సంతకం పెట్టనన్నాను. ఏం చేశానో, ఏం జరిగిందో, ఏం జరక్కూడదో, ఎన్నిసార్లో చెప్పాను. గొంతు పెంచలేదు. మా మేనేజరు, "మీరేమంటున్నారో మీకు అర్థమవుతోందాండీ?" అన్నాడు. అర్థమవుతోందన్నాను. నా బదులు ఇంకొకరు పెట్టారు. ఉద్యోగం పోలేదు గానీ నన్ను మాన్యువల్స్ రాసే టీంలోకి మార్చారు. గ్రీన్ కార్డు ఫైలు ఏళ్ళ తరబడి వెనకపడింది. కొన్ని నెలలకి ఒక ఆసుపత్రి నుంచి అదే కంప్లైంటు వచ్చింది. అలారం మోగలేదు, నర్సు అదృష్టవశాత్తూ పక్కనే ఉంది. హడావిడిగా సరిచేశారు. దీన్ని ముందే చెప్పిన మనిషొకరున్నారని ఎవరికీ గుర్తులేదు.

ఆ సంగతి టీచరుగారికి ఉక్రోషంగా చెబితే నవ్వారు. "గుర్తుంచుకుంటే నమ్మనందుకు సిగ్గుపడాలిగా. సిగ్గుపడటం కన్నా మర్చిపోవడం సుఖం." నేను ఆ మాటని నా డైరీలో రాసుకున్నాను. అది పక్కవాళ్ళ గురించి చెప్పిన మాటేనని అనుకున్నాను.

ఆ తర్వాత ఏళ్ళు గడిచాయి. నేను కంపెనీ మారాను, ఇప్పుడు నేనే మేనేజర్ని. ఆరుగురు వచ్చి నాకు తప్పులు చెబుతారు. నేను వింటాను, లేదా విన్నట్టు తలాడిస్తాను. టీచరుగారు ఎక్కడున్నా ఆదివారాలు ఫోన్ చేసేవారు. రిపోర్టులు మాత్రం మానలేదు. బాతెల్ నుంచి అయితే అన్నీ వాన మీదే. "గొడుగు తీసుకెళ్ళాను. వాన రాలేదు. తీసుకెళ్ళలేదు. వచ్చింది. రోజూ."

పోవడానికి పన్నెండు రోజుల ముందు ఆవిడ చేసిన ఫోను ఆదివారం కాదు. మామూలు రోజు సాయంత్రం. నేను ఫ్రీవే మీద ఉన్నాను. ముందు కార్లు కదలడం లేదు, నా తలకాయ పని చేయడం లేదు. స్పీకర్లో ఆవిడ గొంతు వచ్చింది.

"రాసుకోమ్మా. పడగ్గదికి మెట్లెక్కాను. తొమ్మిదో మెట్టు దగ్గర ఎడమ చెయ్యి లాగింది, చెమట పట్టింది. లాగకూడదు. మూడోసారి."

నేను నవ్వాను. అది నా జన్మలో మర్చిపోలేను, పకపకా నవ్వాను. "బాతెల్ చలికి అండీ అదంతా. స్వెట్టరు వేసుకోండి. మళ్ళీ వస్తే చూద్దాం," అన్నాను. నా నోటినుంచే వచ్చింది ఆ మాట. ఎవరి మాటో కూడా అప్పుడు తోచలేదు.

"అబ్బాయితో అన్నారా?" అని అడిగాను, అడగాలి కాబట్టి.

"చెబితే వాడు సెలవు పెడతాడు. అమ్మాయి ఉన్నపళాన విమానమెక్కుతుంది. నీకు చెప్పాగా, చాలు. డ్రైవింగ్‌లో ఉన్నట్టున్నావు, ఉంటా."

ఆవిడ గొంతు పెంచలేదు. భయమని అనలేదు. నేను నేర్పిన పద్ధతిలో, ఆవిడ నేర్పిన గొంతుతో చెప్పారు. నమ్మలేదెవరూ నన్ను అని నా చుట్టూ ఉన్నవాళ్ళందరి మీదా ఏళ్ళ తరబడి విసుక్కున్న దాన్ని, ఆ వేషం కట్టి మూడువందల మంది ముందు నిలబడిన దాన్ని, నేనే నమ్మలేదు. ఇంటికొచ్చి బూట్లు విప్పి, అన్నం తిని పడుకున్నాను. మర్నాటికి మర్చిపోయాను కూడా. వెంటనే డాక్టరు దగ్గరికి తీసుకెళ్ళి ఉంటే బతికేవారా అంటే నాకు తెలియదు. ఎవరైనా ఓదార్పుగా "తెలియదు కదా" అంటే నాకు ఓదార్పుగా ఉండటం లేదు.

కార్యక్రమాలన్నీ అయ్యాక టీచరుగారి అమ్మాయి ఫ్రీమాంట్ తిరిగి వచ్చింది. ఆ సాయంత్రం పప్పూ అన్నం డబ్బాలో పెట్టుకుని వెళ్ళాను. ఆమె హాల్లో కింద కూర్చుని టీచరుగారి సూట్‌కేస్ విప్పుతోంది. మొహం పీక్కుపోయింది. "ఎవరికీ ఏమీ చెప్పలేదక్కా అమ్మ. ఒక్క ముక్క కూడా. అన్నయ్యా నేనూ అదే అనుకుంటున్నాం, ఒక్క మాట అని ఉంటే," అంది.

అక్కడ ఊరుకోవచ్చు. ఊరుకుంటే ఆ పిల్ల నన్ను ఎప్పటికీ అక్కా అనే పిలుస్తుంది, గోడకవతల ఎప్పటిలాగే ఉంటుంది. నేను కూడా కింద కూర్చున్నాను.

"నాకు చెప్పారు," అన్నాను. "పోవడానికి పన్నెండు రోజుల ముందు. నీకు చెబితే ఉన్నపళాన విమానమెక్కుతావన్నారు. నేను తమాషా అనుకుని నవ్వాను. మళ్ళీ వస్తే చూద్దామన్నాను."

తిడుతుందని ఎదురుచూశాను. తిట్టినా బాగుండేది. ఆమె చేతిలోని చీరని పక్కన పెట్టి, "ఏమందో సరిగ్గా చెప్పు. అమ్మ మాటల్లోనే చెప్పు," అంది.

చెప్పాను. ఒక్క మాట కలపలేదు, తీయలేదు.

"ఎన్నో మెట్టు?"

"తొమ్మిదో మెట్టు."

ఆమె లేచి తమ ఇంటి మెట్ల దగ్గరికి వెళ్ళింది. రైలింగు పట్టుకుని, పైకి వినబడేట్టు లెక్కపెడుతూ, ఒక్కొక్క మెట్టే ఎక్కింది. తొమ్మిది అని ఆగింది. కుడిచేత్తో తన ఎడమచేతిని పట్టుకుని, పైకి వెళ్ళకుండా, కిందికి దిగకుండా, అక్కడే నిలబడిపోయింది.